నీళ్లు దిగిన కేబుల్, పట్టుకుపోయిన రేడియో సెట్లు

బెల్‌గ్రేడ్‌లో బీ92 రేడియో, లండన్‌లో ఎస్‌డబ్ల్యూ రేడియో ఆఫ్రికా. మొదటిది సెర్బియా పాలకుడు మిలోసెవిచ్‌కు, రెండోది జింబాబ్వే పాలకుడు ముగాబేకు కంట్లో నలుసు. ఎక్కువ పేరొచ్చింది మాత్రం బీ92కే. అందులో కొంత తప్పుడు కారణానికి వచ్చిందని నా అనుమానం.

1996 డిసెంబర్‌లో, స్థానిక ఎన్నికల ఫలితాల రద్దుపై జనం రోజూ వీధుల్లోకొస్తుంటే, బీ92 మూగబోయింది. కేబుల్‌లోకి నీళ్లు దిగాయన్నారు అధికారులు. రెండు రోజులకే ఆ నీళ్లు ఆరిపోయాయి! రేడియోను ఇంటర్నెట్ కాపాడిందని అంతా రాశారు. అప్పటి సెర్బియాలో ఎన్ని ఇళ్లకు ఇంటర్నెట్ ఉంది గనక? నిజంగా పనిచేసింది చుట్టుదారి. వార్త ఆమ్‌స్టర్‌డాం సర్వర్‌కు వెళ్లి, బీబీసీ, వాయిస్ ఆఫ్ అమెరికాల మీదుగా సెర్బియాలోని మామూలు సెట్లలోకి తిరిగొచ్చింది.

బీ92కి అది అత్యవసర దారి. ఎస్‌డబ్ల్యూ రేడియో ఆఫ్రికాకు బతుకంతా అదే. 2000లో జింబాబ్వే సుప్రీంకోర్టు సర్కారీ ప్రసారాల గుత్తాధిపత్యం చెల్లదనగానే జెర్రీ జాక్సన్ హరారేలో క్యాపిటల్ రేడియో పెట్టారు. రోజుల్లోనే పోలీసులు మూయించారు. 2001 డిసెంబర్ నుంచి ఆమె బృందం లండన్‌లో కూర్చుని, జింబాబ్వే నుంచి ఫోన్లో అందిన కబురును షార్ట్‌వేవ్‌లో జింబాబ్వేకే వినిపించింది. 2005లో తరంగాలను రొదతో కప్పేస్తే శీర్షికలను ఎస్సెమ్మెస్‌లుగా పంపింది.

చమత్కారంలో బీ92దే పైచేయి. 1991 మార్చిలో అధికారులు వార్తలు వద్దు, పాటలు వేసుకోండి అంటే, పబ్లిక్ ఎనిమీ వారి 'ఫైట్ ది పవర్' వేశారు. ఒకే వీధిలో ఉన్నవాళ్లకే పేలే చెణుకది. లండన్ నుంచి పేలదు. కానీ బీ92 తొలి ఏళ్లలో బెల్‌గ్రేడ్ కుర్రకారు రేడియోనే, నగరం దాటితే సరిగా అందేది కాదు. పల్లెదాకా వెళ్లగలిగింది షార్ట్‌వేవే.

మిలోసెవిచ్ 2000లో పడ్డాడు. 2014లో ఎస్‌డబ్ల్యూ మూతపడేనాటికీ ముగాబే గద్దె మీదే ఉన్నాడు. ఆ లెక్కన ఒకటి గెలిచింది, మరొకటి ఓడింది అనేవారితో నాకు పేచీ. గెలిచిందంటున్న బీ92 ఆఫీసును, పేరును 1999లో మిలోసెవిచ్ సర్కారు లాక్కుని తన మనుషులను కూర్చోబెట్టింది. ఓడిందంటున్న లండన్ స్టూడియో ముగాబే చేతికి అందలేదు. అందుకే 2013లో అతని పోలీసులు వినేవాళ్ల ఇళ్లలోని రేడియో సెట్ల మీద పడ్డారు.