గదిలో మంచం వేసి చూడాలి

"ముప్పై శాతం కామన్‌కి పోద్ది సార్, ఎక్కడైనా ఇంతే." బాచుపల్లి వైపు కట్టుబడి చివరికొచ్చిన ఓ అపార్ట్‌మెంట్‌లో, లిఫ్టు కోసం నిలబడి ఉండగా బ్రోకరు కుర్రాడు ఈ వారం నాతో అన్న మాట ఇది. అతని మీద నాకేం కోపం లేదు. పొద్దుటి నుంచి మాతోపాటు అంతస్తులెక్కి దిగుతున్నాడు, అడిగినదానికల్లా ఓపిగ్గా జవాబు చెబుతున్నాడు. కానీ కోటికి పైబడ్డ బేరంలో మూడో వంతు నేల ఎటు పోయిందో అమ్మేవాడు చెప్పకపోవడం, కొనేవాడు అడగకపోవడం, ఇద్దరూ అది మామూలే అనుకోవడం నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

ఈ కాలమ్ మొదటినుంచీ చదువుతున్నవాళ్లకు నా వాదన తెలుసు. ఇల్లు కొనేముందు టేపు పట్టుకెళ్లండి, గోడ నుంచి గోడకు కొలవండి, లోపల దొరికిన నేలకే వెల కట్టండి. మా మేనల్లుడు ఈ పాఠం వింటూనే పెరిగాడు. అందుకే "మామయ్యా, నువ్వొచ్చి కొలిస్తేగానీ సంతకం పెట్టను" అన్నాడు. మాతోపాటు వాళ్లమ్మ, అంటే మా అక్క, కూడా వచ్చింది.

ఒకే అంతస్తులో ఎదురెదురుగా రెండు ఫ్లాట్లు. రెండూ మూడు పడగ్గదులవే. రెంటికీ బ్రోచర్‌లో 1,640 చదరపు అడుగులని రాసి ఉంది. అడుగు 6,800 చొప్పున దేనికైనా 1,11,52,000 రూపాయలు. తేడా అంతా కార్పెట్ ఏరియాలో ఉంది. తూర్పు గుమ్మం ఫ్లాట్‌లో 1,120, పడమర గుమ్మం ఫ్లాట్‌లో 1,064. నా పద్ధతిలో భాగిస్తే తూర్పు ఫ్లాట్‌లో కార్పెట్ అడుగు 9,957 పడుతుంది, పడమర ఫ్లాట్‌లో 10,481. పైగా తూర్పు గుమ్మం. మేనల్లుడు లెక్క చూసుకుని ఫోన్ జేబులో పెట్టుకున్నాడు. అతనికి నిర్ణయం అయిపోయినట్టే.

లెక్కకు ఆధారం చట్టమే. ఇళ్ల అమ్మకాలను నియంత్రించే రేరా చట్టం 2016లో వచ్చింది, 2017 మే 1 నుంచి పూర్తిగా అమల్లో ఉంది. కార్పెట్ ఏరియా అంటే ఫ్లాట్‌లో నికరంగా వాడుకోడానికి వీలైన నేల అని అందులో రాశారు. బయటి గోడలు అందులోకి రావు. పైపులు పోయే షాఫ్టులు రావు. మన ఫ్లాట్‌కే చెందిన బాల్కనీ, వరండా, పైన ఓపెన్ టెర్రస్ ఉంటే అదీ రావు. లోపలి అడ్డగోడలు మాత్రం వస్తాయి. ఈ చివరి సంగతి చాలామంది గమనించరు. మూడు పడగ్గదుల ఫ్లాట్‌లో అడ్డగోడలన్నీ కలిపితే తొంభై అడుగుల పొడవుంటుందనుకోండి. నాలుగున్నర అంగుళాల ఇటుక, రెండు వైపులా అరంగుళం పూత, మొత్తం అయిదున్నర అంగుళాల మందం. అంటే నలభై ఒక్క చదరపు అడుగుల గోడ. దాని మీద నిలబడలేం, పడుకోలేం, అయినా చట్టం లెక్కలో అది వాడుకునే నేలే. రేరాకు ఏడాది ముందు, 2015లో వచ్చిన పట్టణ ప్రధానమంత్రి ఆవాస్ యోజన మార్గదర్శకాల్లో ఇదే కార్పెట్ ఏరియాకు లోపలి గోడల మందం కలపకూడదని రాశారు. ఒకే ప్రభుత్వం, ఒకే పేరు, రెండు కొలతలు. ఇక తెలంగాణలో ప్రభుత్వం కట్టించిన డబుల్ బెడ్‌రూం ఇళ్లను 560 చదరపు అడుగుల ప్లింత్ ఏరియాతో, అంటే బయటి గోడలు కూడా కలిపి చెప్పారు. జీహెచ్ఎంసీ ఇంటిపన్నుకూ ప్లింత్ ఏరియానే ఆధారం. సేల్ డీడ్‌లో కామన్ ఏరియాతో కలిపి ఇన్ని చదరపు అడుగులు, అవిభాజ్య స్థలం వాటా ఇన్ని గజాలు అని ఉంటుంది. మనిషి ఉండేది ఒకే ఇంట్లో, దాని విస్తీర్ణం మాత్రం కాగితానికొకటి.

అందుకే టేపు. కొలిచేటప్పుడు మనవాళ్లు తరచూ పొరపడే చోట్లు రెండున్నాయి. గోడలు కట్టి పూత వేయకముందు కొలిస్తే ఆ కొలత నిలవదు. పన్నెండు బై పదకొండు గది ఇటుక నుంచి ఇటుకకు 132 అడుగులు. నాలుగు వైపులా అరంగుళం పూత పడ్డాక 130. టైల్స్ స్కర్టింగ్ దాన్ని ఇంకొంచెం తింటుంది. అందుకని పూత అయ్యాక, స్కర్టింగ్‌కి పైన, నడుమెత్తులో టేపు పట్టాలి. ఒక్కచోట కొలిచి ఊరుకోకూడదు. గోడ ఈ చివర ఒకటి, ఆ చివర ఒకటి చూపిస్తుంది. మూల నుంచి మూలకు రెండు వైపులా కొలిస్తే గది మూలమట్టానికి ఉందో లేదో కూడా తేలిపోతుంది. రెండోది అంగుళాల సంగతి. మాస్టర్ బెడ్‌రూం పదకొండు అడుగుల నాలుగు అంగుళాలు, పది అడుగుల ఎనిమిది అంగుళాలు వచ్చింది. మేనల్లుడు ఫోన్‌లో 11.4 ఇంటూ 10.8 కొట్టాడు. 123 వచ్చింది. అడుగుకు పన్నెండు అంగుళాలు కాబట్టి నాలుగు అంగుళాలంటే .33, ఎనిమిదంటే .67. సరిగా కొడితే 120.9. ఆ రెండు అడుగుల చిల్లర విలువ అక్కడి ధరలో పదిహేను వేలు దాటుతుంది. ఇంజనీరింగ్ చదివినవాళ్లు కూడా ఇక్కడ తడబడటం నేను చాలాసార్లు చూశాను. ఇప్పుడు లేజర్ మీటర్లు వచ్చాయి, మంచివే. కానీ వాటిని మీటర్లలో పెట్టి కొలిచి, చివర్లో ఒక్కసారే 10.764తో గుణించుకోవడం మేలు.

మా మేనల్లుడు కొలతలు రాసుకుంటుంటే అక్క ఏం మాట్లాడకుండా మాస్టర్ బెడ్‌రూంలో నిలబడి చూస్తోంది. కాసేపయ్యాక అడిగింది. "ఒరేయ్, తాతయ్య ఇంటికి మేస్త్రీ ముగ్గు పోసింది గుర్తుందా?"

గుర్తు లేకేం. నెల్లూరు జిల్లాలో మా వైపు ఇంటిని అంకణాల్లో చెప్పేవాళ్లు. రెండు దూలాల నడుమ చోటు ఒక అంకణం. అయిదంకణాల ఇల్లంటే ఎంతమంది ఉండొచ్చో, ఎన్ని మంచాలు పడతాయో వినేవాడికి తెలిసిపోయేది. స్థలాల దగ్గరికొచ్చేసరికి అదే అంకణం నెల్లూరులో 72 చదరపు అడుగులు, తిరుపతిలో 36. ఆ తేడా తెలియక బేరం చెడినవాళ్లున్నారు. ఇంటి అంకణానికి ఆ ఇబ్బంది లేదు, అది దూలం పొడవును బట్టి, కలపను బట్టి ఉండేది.

తాతయ్య ఇల్లు పడగొట్టి కట్టించినప్పుడు మేము పిల్లలం. మేస్త్రీకి చదువు లేదు. వెదురు బద్ద మీద గాట్లు పెట్టుకుని అదే కొలబద్దగా వాడేవాడు. పునాది తవ్వడానికి ముందు సున్నంతో నేల మీద గదులన్నీ ముగ్గు పోశాడు. అక్కడితో తవ్వకం మొదలుపెట్టి ఉంటే ఎవరికీ గుర్తుండేది కాదు. అతను తాతయ్యతో "అయ్యా, మంచాలు తెప్పించండి" అన్నాడు. పాత ఇంట్లోంచి నులక మంచాలు, వడ్ల గుమ్మి, చెక్క బీరువా మోయించి ఆ ముగ్గు గీతల మధ్య ఎండలో పెట్టించాడు. వాకిలి ఉండబోయే చోట తలుపు రెక్కంత బద్ద ఒకటి పట్టుకుని తెరిచినట్టు తిప్పాడు. అది మంచం కోడుకు తగిలింది. గీత జానెడు జరిగింది. తర్వాత నాయనమ్మను పిలిచి, "నీళ్ల బిందె చంకనెత్తుకుని వంటింట్లోంచి వసారాలోకి నడవండమ్మా" అన్నాడు. ఎదురుగా ఇంకొకరిని నడిపించాడు. ఇద్దరూ భుజాలు ఒరుసుకోకుండా దాటాలి, అప్పటిదాకా ఆ గీతను తుడిచి మళ్లీ గీస్తూనే ఉన్నాడు. మాకదంతా ఆటలా ఉండేది. గోడల్లేని గదుల్లో మంచాల మీదెక్కి కూర్చున్నాం.

సిద్ధాంతి గారొచ్చి ఆయం చూశారు. వైశాల్యాన్ని తొమ్మిదితో గుణించి ఎనిమిదితో భాగిస్తే మిగిలే శేషం బేసి రావాలి. ధ్వజం, సింహం, వృషభం, గజం మంచివి. మేస్త్రీ జరిపిన గీతల వల్ల శేషం సరిసంఖ్యకు మారింది. మళ్లీ లెక్క వేశారు. మేస్త్రీ వాదించలేదు. మంచానికీ నడకకూ అడ్డురాని వైపు గోడను రెండంగుళాలు జరిపి ఆయం కుదిర్చాడు. సిద్ధాంతికి సంఖ్య కావాలి, మేస్త్రీకి నడక కావాలి, ఇద్దరి మాటా నిలిచింది. ఆయం కోసం తప్ప, ఇంటి విస్తీర్ణం ఎంతని ఆ రోజు ఎవరూ అనుకోలేదు. మేస్త్రీ గుత్తకు ఒప్పుకున్నాడు కాబట్టి అడుగులు పెంచితే అతనికొచ్చేదేమీ లేదు. ఆ ఇంట్లో ఇరుకనే మాట నేను వినలేదు.

అక్క గుర్తుచేసింది ఊరికే కాదు. బ్రోకరు దగ్గర పాత పేపర్లుంటే తీసుకుని నేల మీద పరిచింది. అయిదు బై ఆరున్నర అడుగుల మంచం. రెండడుగుల లోతు వార్డ్‌రోబ్. మాస్టర్ బెడ్‌రూంలో మంచం తలవైపు పెట్టడానికి ఒకటే గోడ ఉంది. మిగతావాటిలో ఒకదానికి కిటికీ, ఒకదానికి బాత్‌రూం తలుపు, మూలలో తొమ్మిదంగుళాలు లోపలికొచ్చిన పిల్లర్. మంచం ఆరున్నర అడుగులు పోగా పది అడుగుల ఎనిమిది అంగుళాల్లో నాలుగడుగుల రెండంగుళాలు మిగిలింది. ఎదురు గోడకు వార్డ్‌రోబ్ వస్తే రెండడుగుల రెండంగుళాలు. ఇరవై అంగుళాల వార్డ్‌రోబ్ రెక్క తెరిస్తే మనిషి నిలబడటానికి ఆరంగుళాలు. అదే ఎదుటి ఫ్లాట్‌లో మాస్టర్ బెడ్‌రూం పన్నెండడుగుల మూడంగుళాలు బై పదడుగులు. వైశాల్యం 122.5, ఇంచుమించు అంతే. కానీ మంచం, వార్డ్‌రోబ్ పరిచాక మధ్యలో మూడడుగుల తొమ్మిదంగుళాల దారి ఉంది.

అప్పుడు మిగతా ఇల్లు కూడా అలాగే చూశాం. తూర్పు ఫ్లాట్‌లో హాలు నుంచి పడగ్గదులకు పోయే నడవా నాలుగడుగుల వెడల్పు, పంతొమ్మిది అడుగుల పొడవు. గుమ్మం దాటగానే ఎనిమిది బై అయిదు అడుగుల ఖాళీ. ఈ రెండూ కలిపి 116 అడుగులు నడవడానికే. కార్పెట్ ఏరియాలో ఇదంతా ఉంది. పడమర ఫ్లాట్‌లో నడవా మొత్తం ఇరవై నాలుగు చదరపు అడుగులే. ఇవి తీసేస్తే ఎక్కువ కార్పెట్ ఉన్న ఫ్లాట్‌లో 1,004, తక్కువ ఉన్నదాంట్లో 1,040. మేనల్లుడు ఫోన్ మళ్లీ బయటికి తీశాడు.

అక్క వంటింటి వెనక యుటిలిటీలోకి వెళ్లింది. తూర్పు ఫ్లాట్‌లో అక్కడ వాషింగ్ మెషీన్ పెడితే పనమ్మాయి కూర్చుని గిన్నెలు తోమడానికి చోటు లేదు. పడమర ఫ్లాట్‌లో యుటిలిటీ, బాల్కనీ కలిపి 124 అడుగులు. బట్టలారేయడం, గిన్నెలు తోమడం, తులసి కుండీ, మాగాయ ముక్కలు ఎండబెట్టుకోవడం, సాయంత్రం కుర్చీ వేసుకోవడం, మన ఇళ్లలో రోజు మొత్తం వాడకంలో ఉండే చోటు ఇదే. చట్టం దీన్ని నికరంగా వాడుకునే నేలలోంచి తీసేసింది. చీకటి నడవాను కలిపింది. అమ్మేవాళ్లు బాల్కనీని గదిగా చూపి లెక్క పెంచకుండా ఆపడానికి ఆ విభజన అవసరమే, ఆ కారణం నాకు అర్థమవుతుంది. ప్రాజెక్టు రిజిస్టర్ చేసేటప్పుడు బాల్కనీ విస్తీర్ణం విడిగా చెప్పాలని కూడా చట్టంలో ఉంది. కానీ కొనేవాళ్లం ఆ రెండో అంకె వైపు చూడం. ఇన్నాళ్లూ ఈ కాలమ్‌లో నేను చూడమన్నదీ మొదటి అంకెనే.

ఈ వారం నా మాట అక్కడ మారింది. లోపలి నేలకే వెల కట్టండని జనమంతా గట్టిగా పట్టుకుంటే కట్టేవాళ్లు ఏం చేస్తారు? లెక్కలోకి రానివాటిని కుదిస్తారు. బాల్కనీ మూడడుగులవుతుంది. కారిడార్‌లో స్ట్రెచర్ తిరగదు. మెట్ల మలుపులో బీరువా ఇరుక్కుంటుంది. అదే అంతస్తులో కారిడార్ ఆరున్నర అడుగుల వెడల్పుంది, చివర కిటికీ ఉంది. అప్పటికే చేరిన ఓ ఇంటి ముసలాయన అక్కడే నడుస్తున్నాడు, ఇద్దరు పిల్లలు సైకిల్ తిప్పుతున్నారు. బ్రోకరు చెప్పిన ముప్పై శాతంలో అదీ ఉంది. దానికి డబ్బు కట్టడం నాకు సమ్మతమే. ఎంత కారిడార్‌కి, ఎంత మెట్లకి, ఎంత క్లబ్‌హౌస్‌కి అని విడివిడిగా రాసివ్వాలి, అంతే. చదరపు అడుగు ధర ఒక్కటే చూసి ఇల్లు ఎంచుకోవడాన్ని ఇకమీదట నేను సమర్థించను. గదుల పొడవు వెడల్పులు, పిల్లర్లు, తలుపులు తిరిగే వైపు, బాల్కనీ లోతు, ఇవన్నీ చూశాకే ఆ అంకె వైపు చూడాలి.

మేనల్లుడు పడమర గుమ్మం ఫ్లాట్ తీసుకుంటున్నాడు. దిక్కు గురించి అక్కకు పట్టింపు లేదు. అమ్మకం ఒప్పందానికి గదుల వారీ కొలతల పట్టిక ఒకటి జతచేయాలని అడిగాం, ఒప్పుకున్నారు. బాల్కనీ, యుటిలిటీ కొలతలు కూడా అందులో రాయడానికి సరేనన్నారు. ఆ కొలతలన్నీ పూత, టైల్స్ అయ్యాక తీసినవే అని ఒక వాక్యం చేర్చమన్నదానికి మాత్రం ఇంకా జవాబు రాలేదు. అది వచ్చేదాకా అడ్వాన్స్ కట్టొద్దని చెప్పాను.