చిన్న పత్రికలు - మన కర్తవ్యము

పత్రికాచరిత్ర యనగానే మనవారు పెద్దపత్రికల పేళ్లనే చెప్పుదురు. ఆంధ్రపత్రిక 1908లో బొంబాయిలో వారపత్రికగా పుట్టి, 1914లో చెన్నపట్టణమున దినపత్రిక యైనదనియు, భారతి 1924లో అచటనే వెలువడినదనియు చాలమంది యెఱుగుదురు. స్వరాష్ట్రము వెలుపల నివసించు మన కవి గర్వకారణములే. అయితే ఒక్కని పట్టుదలతో నడచి, అల్పకాలములో ఆగిపోయిన చిన్నపత్రికల గతి యేమి?

గిడుగు రామమూర్తి పంతులుగారు పర్లాకిమిడి నివాసులై యుండగా 1919లో 'తెలుగు' అను మాసపత్రికను స్థాపించిరి. వాడుకభాషావాదమునకు శాస్త్రబలము చేకూర్చుటయే దాని యుద్దేశము. అది యించుమించు ఒక యేడు మాత్రమే నడచినది. 1936లో పర్లాకిమిడి ఒరిస్సాలో చేరినది. ఇట్టి పత్రికలను కాపాడు భారము తెలుగు రాష్ట్రములవారిదే కాదు, మనదియు.

నేడు పాతపత్రికల పుటలను ఛాయలు తీసి అంతర్జాలమున నుంచుచున్నారు. అది మెచ్చదగిన పనియే, కాని లోపములు లేకపోలేదు. సంపుటములుగా కుట్టించునప్పుడు అట్టలను, ప్రకటనలను తొలగించుట పూర్వమునుండియు గలదు. ఆ ప్రతులకే ఛాయలు తీసినచో పత్రిక వెల, చందా, దానిని పోషించిన వర్తకులు మనకు తెలియరు. చిన్నపత్రిక యెట్లు బ్రదికినదో చెప్పునవి ఆ పుటలే.

రెండవది, విషయసూచిక లేని ఛాయ తాళము వేసిన బీరువా వంటిది. యంత్రము అక్షరములను చదువ నేర్చినను, అరిగిన అచ్చు, వత్తులు, అరసున్నలు దానిని తొట్రుపఱచును. వ్యాసము పేరు, రచయిత పేరు మనుష్యుడు కూర్చుండి వ్రాయవలసినదే.

మూడవది, కాగితపు పత్రిక నూఱిండ్లలో నుండుటచే ఒకచోట నశించినను మఱియొకచోట మిగిలెడిది. డిజిటలు ప్రతి ఒక్క స్థానముననే యున్నచో, దానిని నడపువారు విరమించిననాడు సర్వమును పోవును. కావున ఒక్కొక్క ప్రతి మూడు నాలుగు చోట్ల నుండవలెను.

రచయిత మరణానంతరము 60 సంవత్సరముల వఱకు హక్కులు వారసులకుండును. వారి యనుమతి పొందుట న్యాయము. అనుమతి ఆలస్యమైనను, ప్రతిని భద్రపఱచుట ఆలస్యము కారాదు.

బరంపురమున, బళ్లారిలో, హోసూరులో, షోలాపురములో మన పెద్దల పెట్టెలలో ఏ విడిసంచిక లున్నవో ఎవ్వరు చూచిరి? వానిని తూకమునకు అమ్మకుడు. ఎవ్వరికిని ఇచ్చివేయ నక్కఱలేదు. అట్టతో సహా ఛాయ తీయనిచ్చిన చాలును. పేరు, నెల, వెల, ముద్రణాలయము ఒక కాగితముపై వ్రాసి మన సంఘమునకు పంపుడు. ఆ పట్టికయే తొలిమెట్టు.

ఈ వ్యాసము గ్రాంథికముననే నడచినది. అయినను గ్రాంథికమును ఎదిరించిన ఆ పత్రిక నిలువవలెననియే నా కోరిక. మనకు సమ్మతమైన వానినే దాచుకొన్నచో అది చరిత్ర కానేరదు.