బేరమే ఉత్కంఠగా: హెన్రీ స్లెసర్ టెలివిజన్ కథల నిర్మాణ పరిశీలన

1. ప్రవేశిక

1955–1962 మధ్య అమెరికన్ టెలివిజన్‌లో ‘ఆల్ఫ్రెడ్ హిచ్‌కాక్ ప్రెజెంట్స్’ శీర్షికన 268 అరగంట నాటికలు ప్రసారమయ్యాయి. హిచ్‌కాక్ స్వయంగా దర్శకత్వం వహించినవి వాటిలో 17 మాత్రమే. అయినా ఆ నాటికలన్నీ ఆయన పేరిటే గుర్తుండిపోయాయి. వాటిలో పదుల సంఖ్యలో నాటికలకు కథ అందించిన హెన్రీ స్లెసర్ (1927–2002) విమర్శకుల దృష్టికి అంతగా ఆనలేదు. స్లెసర్ వృత్తిరీత్యా వాణిజ్య ప్రకటనల రచయిత. 1960లో ఎడ్గర్ పురస్కారం పొందిన ఆయన తొలి నవల ‘ది గ్రే ఫ్లానెల్ ష్రౌడ్’కు నేపథ్యం కూడా ప్రకటనల సంస్థే. ఆయన ప్రసిద్ధ కథల్లో ఉత్కంఠకు ఆధారం హత్య కాదని, బేరమని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

2. ధరే దర్యాప్తు

1958లో నాటికగా ప్రసారమైన ‘ది రైట్ కైండ్ ఆఫ్ హౌస్’ ఇందుకు చక్కని నిదర్శనం. మూలకథలో ఒక వృద్ధురాలు 10,000 డాలర్లు కూడా పలకని పాత ఇంటికి 75,000 డాలర్లు అడుగుతుంది. ఆ ధరకు ఒప్పుకొనేవాడు ఇంటి కోసం రాడు, అందులో దాగిన దోపిడీ సొమ్ము కోసమే వస్తాడు. అంటే అతడే ఆమె కొడుకును చంపినవాడు. ఇక్కడ పోలీసులతో గాని సాక్ష్యాలతో గాని పనిలేదు. ధర ఒక్కటే నేరస్థుణ్ణి ఆమె ముంగిటికి రప్పిస్తుంది. నిమ్మరసంలో కలిపిన విషం ఆ బేరానికి ముగింపు మాత్రమే.

3. అమ్ముడుపోయిన కరుణ

స్లెసర్ కథ ఆధారంగా 1964లో ‘ట్విలైట్ జోన్’లో వచ్చిన ‘ది సెల్ఫ్-ఇంప్రూవ్‌మెంట్ ఆఫ్ సాల్వడోర్ రాస్’లో ఇదే సూత్రం నైతిక స్థాయికి చేరుతుంది. మనుషుల గుణాలను సైతం మార్పిడి చేసుకోగల రాస్, ప్రియురాలి తండ్రి నుంచి కరుణను కొంటాడు. కరుణను అమ్ముకున్న ఆ తండ్రి చేతిలోనే హతమవుతాడు. ముగింపు ఆకస్మికంగా తోచినా, బేరం కుదిరిన క్షణంలోనే అది నిర్ణయమైపోయింది.

4. పరిమితి

ఈ పద్ధతిలో పాత్రలకు బేరం నడపడానికి చాలినంత జీవితమే దక్కుతుంది. వృద్ధురాలి దుఃఖం కంటే ఆమె లెక్కే మనకు గుర్తుంటుంది. అయితే స్లెసర్ ప్రతిభ చిన్నకథకే పరిమితం కాదు. 1968–1983 మధ్య ‘ది ఎడ్జ్ ఆఫ్ నైట్’ దైనిక ధారావాహికకు ఆయన ప్రధాన రచయితగా పనిచేశారు. ఆ రచనకు 1974లో ఎమ్మీ పురస్కారం లభించింది. అరగంటలో ముగింపుకు చేరడం తెలిసిన రచయిత, ఏళ్ల తరబడి ముగింపును వాయిదా వేయడమూ నేర్చాడు.

5. ముగింపు

పైన పరిశీలించిన రెండు నాటికలకూ టెలివిజన్ రూపం ఇచ్చినవారు వేరు. అయినా కథను నడిపే బేరం రెండింటిలోనూ చెక్కుచెదరలేదు. టెలివిజన్ నాటికలో కర్తృత్వాన్ని సమర్పకుని పేరులోనో సంభాషణల్లోనో వెతికితే స్లెసర్ కనిపించడు. కథానిర్మాణంలో వెతికితేనే కనిపిస్తాడు.