అవతలి మాట కూడా ఆమెదే

టెలిఫోన్ సీను నటులకు పెద్ద పరీక్ష. చేతిలో రిసీవరు తప్ప ఎదుట మనిషి ఉండడు, అందుకోవడానికి మాట ఉండదు. మా ఆదివారం రిహార్సళ్లలో కుర్రాళ్లకు ఈ సీను ఇస్తే, చాలామంది తమ డైలాగు అయిపోగానే కాస్త ఆగి తర్వాతి డైలాగు మొదలుపెడతారు. ఆ ఆగిన చోట అవతలి మనిషి ఉండడు, ఉత్త ఖాళీ ఉంటుంది. ఆ ఖాళీలో ఒక మనిషిని ఎలా నిలబెట్టాలో తెలుసుకోవాలంటే బ్రిటిష్ నటి ప్యాట్రీషియా రౌట్‌లెడ్జ్‌ను చూడమంటాను.

2025 అక్టోబరు 3న, 96 ఏళ్ల వయసులో ఆమె కన్నుమూసినప్పుడు పత్రికలన్నీ హయసింత్ బకెట్ పోయిందనే రాశాయి. తప్పు పట్టలేం. రాయ్ క్లార్క్ రాసిన 'కీపింగ్ అప్ అపియరెన్సెస్' 1990 నుంచి 1995 దాకా బీబీసీలో 44 ఎపిసోడ్లు వచ్చింది, దేశదేశాలకూ వెళ్లింది. అందులో ఆమె వేసిన హయసింత్ మధ్యతరగతి ఇల్లాలు. పుట్టిల్లు పేదది, ఆ సంగతి ఊళ్లో తెలియకూడదు. ఇంటిపేరు బకెట్ అయితే 'బూకే' అని పలకాలని పట్టు. ఆమె కాఫీకి పిలిస్తే పక్కింటి ఎలిజబెత్‌కు చేతులు వణుకుతాయి, ఖరీదైన కప్పులు ఎక్కడ పగిలిపోతాయోనని.

ఆ ఇంట్లో తెల్లటి స్లిమ్‌లైన్ ఫోను ఒకటి ఉంటుంది. కాలేజీలో చదువుతున్న కొడుకు షెరిడాన్ దాంట్లోనే మాట్లాడతాడు. ఎన్ని ఎపిసోడ్లు నడిచినా అతను తెరమీదకు రాడు, గొంతు కూడా వినిపించదు. అయినా షెరిడాన్ ఎలాంటివాడో చూసినవాళ్లందరికీ తెలుసు. ఫోను తీసేటప్పుడు హయసింత్ గొంతు ఊరందరి కోసం పెట్టుకున్న గొంతు. అవతల ఉన్నది కొడుకని తెలియగానే అది కరిగిపోతుంది. వింటుంది. పెదవుల మీద నవ్వు అలాగే ఉంటుంది గాని కళ్లు ఒక్క క్షణం భర్త రిచర్డ్ వైపు తిరుగుతాయి. డబ్బు అడిగాడని మనకు అప్పుడే తెలిసిపోతుంది, ఆమె నోరు తెరవకముందే. స్నేహితుడు టార్క్విన్ గురించి కొడుకు ఏదో చెబుతాడు, ఆమె మరీ మురిసిపోతుంది. తల్లికి అర్థం కానిది చూసేవాడికి అర్థమవుతుంది. ఈ రెండు అర్థాలనూ ఆమె ఒకే మొహం మీద మోస్తుంది. మాటకూ మాటకూ మధ్య విరామం ప్రతిసారీ వేరు. కొడుకు ఎంత పొడుగు వాక్యం మాట్లాడాడో, ఎక్కడ నసిగాడో ఆ విరామాన్ని బట్టి చెప్పొచ్చు.

ఇది సంగీతం నేర్చినవాళ్ల లెక్క అని నా నమ్మకం. పాటలో మౌనానికి కూడా తాళం ఉంటుంది, అక్కడా మాత్రలు లెక్కపెట్టాలి. రౌట్‌లెడ్జ్ గాయనిగా శిక్షణ పొందిన మనిషి. 1929లో లివర్‌పూల్‌కు నది అవతలి ఒడ్డున ఉన్న బర్కెన్‌హెడ్‌లో పుట్టింది. తండ్రిది మగవాళ్ల దుస్తుల దుకాణం. లివర్‌పూల్ విశ్వవిద్యాలయంలో ఇంగ్లిషు సాహిత్యం చదివి, 1952లో లివర్‌పూల్ ప్లేహౌస్‌లో రంగస్థలం ఎక్కింది. 1968లో 'డార్లింగ్ ఆఫ్ ద డే' అనే సంగీత నాటకానికి బ్రాడ్‌వేలో టోనీ అవార్డు అందుకుంది. ఆ నాటకం ఆడింది 31 ప్రదర్శనలే. ఆడని నాటకానికి అవార్డు రావడం మామూలు విషయం కాదు.

అంతకన్నా నాకు ముఖ్యమైన ముచ్చట 1976 నాటిది. లెనార్డ్ బెర్న్‌స్టైన్ సంగీతం కూర్చిన '1600 పెన్సిల్వేనియా అవెన్యూ' ఏడు ప్రదర్శనలకే మూతబడింది. అమెరికా అధ్యక్షుల భార్యల పాత్రలు ఆమెవి. అందులో ఒక యుగళగీతాన్ని ఆమె ఒక్కతే పాడాలి. శ్వేతసౌధం విడిచిపోతున్న జూలియా గ్రాంట్ ఒకరు, అందులో అడుగుపెడుతున్న లూసీ హేస్ ఇంకొకరు. ఇద్దరికీ ఒకరంటే ఒకరికి పడదు. ఒకే నటి క్షణంలో అటు, క్షణంలో ఇటు మారుతూ తనతో తనే తగువాడుతుంది. జనం చప్పట్లతో ప్రదర్శన ఆగిపోయిందని రంగస్థల చరిత్రలు రాసుకున్నాయి. హయసింత్ ఫోను సీన్లకు ఈ పాటే అసలు వేరు అనిపిస్తుంది నాకు. ఎదుటి మనిషి మాట తన లోపల పూర్తిగా వినగలిగితేనే జవాబు నిజమవుతుంది.

హయసింత్ పాడుతుంది కూడా. పక్కింట్లో ఎలిజబెత్ తమ్ముడు ఎమెట్ సంగీతజ్ఞుడు. అతని చెవిన పడేలా పాడితే తనకూ ఏదో పాత్ర ఇస్తాడని ఆశ. ఆమె గొంతు ఎత్తగానే ఎమెట్ దాక్కుంటాడు. ఆ పాటలో శ్రుతి ఎక్కడ తప్పాలో అక్కడే తప్పుతుంది. ఇది శ్రుతి తెలియనివాళ్ల వల్ల అయ్యే పని కాదు. వాళ్లు పాడితే మనకు జాలేస్తుంది, లేదా విసుగొస్తుంది. ఈమె పాడితే నవ్వొస్తుంది. ఈ సీరియల్‌కు రెండేళ్ల ముందే, బెర్న్‌స్టైన్‌దే అయిన 'క్యాండిడ్'లో ముసలావిడ పాత్రకు లండన్‌లో ఆలివియే అవార్డు తీసుకున్న గొంతు అది.

మనకు ఏకపాత్ర అనగానే మయసభలో దుర్యోధనుడు గుర్తొస్తాడు. కంఠం, హుందా, అడుగుల చప్పుడు. నాకూ ఇష్టమే అది. కాని రౌట్‌లెడ్జ్ ఏకపాత్రల్లో ఒక స్త్రీ కూర్చుని మామూలు గొంతుతో చెప్పుకుపోతుంది, అంతే. 1982లో అలన్ బెన్నెట్ ఆమె కోసం రాసిన 'ఎ వుమన్ ఆఫ్ నో ఇంపార్టెన్స్' చూడండి. పెగ్గీ అనే ఆఫీసు గుమాస్తా క్యాంటీన్‌లో ఎవరు ఏ బల్ల దగ్గర కూర్చుంటారో ఎంతో శ్రద్ధగా వివరిస్తుంది. ఆఫీసంతా తన చుట్టూ తిరుగుతోందని ఆమె ధీమా. తర్వాత ఆస్పత్రి మంచం మీద నుంచీ అదే ధోరణిలో మాట్లాడుతుంది. తాను పోతున్నానని ఆమె ఒక్కసారీ అనదు. మనకు అర్థమయ్యేసరికి అంతకుముందు నవ్విన నవ్వు గొంతులో అడ్డం పడుతుంది.

1988లో అదే రచయిత 'టాకింగ్ హెడ్స్'లో ఐరీన్ రడక్‌గా వచ్చింది. అందరి మీదా అధికారులకు ఫిర్యాదు ఉత్తరాలు రాయడమే ఐరీన్ బతుకు. ఎదురింటి దంపతులు బిడ్డను పట్టించుకోవడం లేదని కూడా రాస్తుంది. ఆ బిడ్డ జబ్బుతో ఆస్పత్రిలో ఉన్నాడు. ఐరీన్ చివరికి జైలుకు వెళుతుంది, తోడు మనుషులు దొరకడంతో మొదటిసారి అక్కడే సుఖపడుతుంది. హయసింత్, పెగ్గీ, ఐరీన్ ముగ్గురూ అవతలివాళ్ల మనసులో తమకు చోటుందని నమ్మినవాళ్లే. ఆ నమ్మకాన్ని రౌట్‌లెడ్జ్ ఎన్నడూ వెక్కిరించలేదు. వెక్కిరిస్తే హాస్యం సులువుగానే పండేది, మనిషి మాత్రం మిగిలేది కాదు. ఆమె హాస్యంలో నేను ఎక్కువ గౌరవించేది దీన్నే.

ఇంటింటా పేరు తెలిసేనాటికి ఆమెకు అరవై దాటాయి. జనం ఇంకా చూస్తామంటుండగానే హయసింత్‌ను ఆపేసి, వెంటనే 'హెట్టీ వెయిన్‌త్రాప్ ఇన్వెస్టిగేట్స్'లో పింఛను వయసు అపరాధ పరిశోధకురాలిగా మారింది. 2017లో డేమ్ బిరుదు వచ్చింది. మలి వయసులో పియానో విద్వాంసురాలు మైరా హెస్ మీద ఒక ప్రదర్శన ఇస్తుండేది. యుద్ధకాలంలో లండన్ నేషనల్ గ్యాలరీలో మధ్యాహ్నపు కచేరీలు నడిపిన మహాతల్లి హెస్, టికెట్టు ఒక షిల్లింగు. వేదిక మీద పియానో వాయించేవారు ఒకరు, హెస్ మాటలు చెప్పేది రౌట్‌లెడ్జ్.

మా కుర్రాళ్లకు ఇప్పుడు ఫోను సీను ఇచ్చేముందు ఒక పని చెబుతున్నాను. అవతలి మనిషి మాటలన్నీ కాగితం మీద పూర్తిగా రాసుకోవాలి, తడబాట్లతో సహా. తమ డైలాగుల కన్నా ముందు వాటిని కంఠతా పట్టాలి. మొదట్లో గొణుగుతారు, ఎవరికీ వినపడని డైలాగులు మాకెందుకని. షెరిడాన్ ఫోను చేసిన సీను ఒకటి చూపించి, అతను ఏమన్నాడో రాయమంటాను. దాదాపు అందరూ ఒకటే రాస్తారు.