బి. నర్సింగరావు ‘దాసి’: పల్లెను చూపిన తీరు

పల్లెటూరును చూపిన ప్రతి సినిమా వాస్తవికతావాద సినిమా కాదు. పచ్చని పొలం, ఎడ్లబండి, జాతర పాట ఉంటే పల్లె తెరమీదికి వస్తుంది. అక్కడ ఎవరు ఎవరి కోసం చాకిరీ చేస్తున్నారన్న సంగతి మాత్రం రాదు. బి. నర్సింగరావు 1988లో తీసిన ‘దాసి’ని ఈ దృష్టితో చూద్దాం.

కథ చిన్నది. 1920ల నాటి తెలంగాణలో ఒక గడీ. కమలాక్షి (అర్చన) అందులో దాసి. ఇంటిపని ఆమెదే, దొర పిలిస్తే వెళ్లవలసిందీ ఆమే. గర్భం వస్తే నిలుపుకునే హక్కు కూడా లేదు. దీన్ని కన్నీటి నాటకంగా తీయడం సులభం. నర్సింగరావు మాటలు తగ్గించి, ఆమె పనిని తొందరపడకుండా చూపాడు. మొదటిసారి చూసినప్పుడు మీకు విసుగు కలగవచ్చు. అయినా ఆపకండి. కాసేపటికే మనకు బరువనిపించిన ఆ పని ఆమెకు బతుకంతా ఉన్నదే.

ఇరాన్ దర్శకుడు అబ్బాస్ కియరోస్తమీ 1987లో తీసిన ఒక సినిమాలో, పొరపాటున తనవెంట వచ్చిన తోటి విద్యార్థి నోటుపుస్తకం తిరిగి ఇవ్వడానికి ఒక పిల్లవాడు పక్క ఊరికి పరుగెత్తుతాడు. అక్కడా చిన్న పనిలోంచే పెద్దల పెత్తనం బయటపడుతుంది. అయితే ఆ పిల్లవాడి ముందు దారి ఉంది. కమలాక్షి చుట్టూ ఉన్నవి గోడలు.

‘దాసి’కి వచ్చిన ఐదు జాతీయ పురస్కారాల్లో ఎ.కె. బీర్ ఛాయాగ్రహణానికి, వైకుంఠం కళాదర్శకత్వానికి వచ్చినవి ఉన్నాయి. గడీ ఇంత అందంగా కనిపిస్తే బాధ మెత్తబడదా అని మీరు అడగవచ్చు. కొన్ని దృశ్యాల్లో మెత్తబడుతుందనే నా అభిప్రాయం. కానీ ఆ అందం దొరది, దాన్ని ఊడ్చి తుడిచేది కమలాక్షి. ఇందులో తిరుగుబాటు లేదన్నది మరో విమర్శ. నర్సింగరావు నిర్మాతగా ఉన్న ‘మా భూమి’ (దర్శకుడు గౌతమ్ ఘోష్) రైతాంగ పోరాటాన్ని చూపింది. ‘దాసి’ అంతకు ముందటి కాలం కథ. అక్కడ జెండా నాటితే అది అబద్ధమయ్యేది.

1990 నాటి ‘మట్టి మనుషులు’లో నర్సింగరావు పల్లె వదిలి హైదరాబాదుకు వచ్చిన కట్టుబడి కూలీల వెంట నడిచాడు. గడ్డిఅన్నారం, ఎల్బీనగర్ ప్రాంతాల అభ్యాసకులకు ఈ మనుషులు కొత్త కాదు. ఒక ఉదయం కూలీల అడ్డా దగ్గర నిలబడి, మాటలు వదిలేసి చేతులను, పనిముట్లను, ఎదురుచూపును మాత్రమే గమనించి ఒక పుట రాయండి. ఆ తరువాత ‘మట్టి మనుషులు’ చూడండి. మీరు గమనించి కూడా రాయకుండా వదిలేసినవి కెమెరా ఎక్కడ పట్టుకుందో గుర్తించండి.