సుగిమురా హరుకో: అభినయవిచారము

హిరోషిమాయందు జన్మించిన జపానునటి సుగిమురా హరుకో, 1937లో బుంగకుజా నాటకసమాజము స్థాపితమైన నాఁటనుండి 1997లోఁ గీర్తిశేషురాలగు వఱకు నందే యుండెను. మొరిమొతో కవోరు రచించిన ‘ఒక స్త్రీ జీవితము’ అను నాటకమున 1945 మొదలుకొని 947 ప్రదర్శనములందు నాయికయై, యౌవనారంభమునుండి వార్ధకము వఱకుఁ గల యవస్థలనెల్ల నొక్క వ్యక్తియందే నిలిపెను.

ఆ శిక్షణముయొక్క ఫలము ఓజు యసుజిరో దర్శకత్వమున 1953లో వెలువడిన ‘టోకియో కథ’ చలనచిత్రమునఁ గానవచ్చును. అందు నీమె ధరించిన పాత్రము పెద్దకూఁతురు షిగే. తల్లి మరణింపఁగా షిగే వెక్కివెక్కి యేడ్చును. అంత్యక్రియలైన పిదప భోజనపంక్తియందే తల్లి వస్త్రములను జ్ఞాపకార్థము కోరును. ఆ కోరికను బట్టి యా కన్నీరు కపటమనుట సులభము. కాని యుక్తము గాదు. వ్యాకరణమునఁ బరకార్యము పూర్వకార్యమును బాధించుట తుల్యబలవిరోధము గలచోటనే. ఇచట విరోధమే లేదు. రోదనమున నటి కొఱఁత చూపలేదు. కోరికను గృహకృత్యమును జెప్పు కంఠముతోనే పలికెను. దుఃఖము సత్యము, లోభమును సత్యమే. ఇది సముచ్చయము గాని బాధ గాదు. షిగేను దుష్టురాలని త్రోసివేయు ప్రేక్షకుఁడు తన యింటి యశౌచదినములను మఱచినవాఁడే.