ఎడమకాలు

సాయంత్రం అయిదింటికి మా కాలేజీ గ్రౌండులో నాలుగు కిలోల షాట్‌పుట్ గుండు దబ్బున నేలమీద పడే చప్పుడు వింటే నాకు ప్రాణం లేచొస్తుంది. యూనివర్సిటీ రోజుల్లో ఆ చప్పుడు నాది, ఇప్పుడు మా పిల్లలది.

ఫిజికల్ డైరెక్టరుగా చేరిన కొత్తలో, పిల్ల గుండు వదలగానే నా కళ్లు దాని వెంటే పోయేవి. ఏళ్ల తరబడి విసిరినదాన్ని, ఎంత దూరం పడిందో చూడకుండా ఎలా ఉంటాను? 'ఇంకాస్త బలంగా!' అని అరిచేదాన్ని. ఆ మాటవల్ల ఏ పిల్లకీ ఒక్క అంగుళం పెరగలేదు.

చూడాల్సింది కాళ్లని. విసిరే వైపుకి వీపు పెట్టి వంగి మొదలుపెట్టే ఈ పద్ధతి 1950ల్లో పారీ ఓబ్రయన్ చలవ. ఏడడుగుల వలయంలో వెనక్కి జారుతూ వచ్చి కుడికాలు మధ్యలో ఆనగానే ఎడమకాలు ముందున్న స్టాప్‌బోర్డు దగ్గర పడాలి. అది రవ్వంత ఆలస్యమైనా భుజం ముందే తిరిగిపోతుంది. కాళ్లలో పుట్టిన బలం నడుము దాటదు. పాపం, బరువంతా చేతిమీదే పడుతుంది.

కోచ్‌లలో నాకు కోనీ ప్రైస్-స్మిత్ అంటే చాలా గౌరవం. అమెరికాలో సదరన్ ఇల్లినాయ్ యూనివర్సిటీకి బాస్కెట్‌బాల్ ఆడిన మనిషి. తర్వాత గుండు పట్టి 1988 నుంచి 2000 దాకా నాలుగు ఒలింపిక్స్‌కు వెళ్లారు. పతకం రాలేదు. 2001లో తన యూనివర్సిటీకే హెడ్ కోచ్‌గా వచ్చారు. 2015లో మిసిసిపీ యూనివర్సిటీకి మారితే, రేవెన్ సాండర్స్ అనే విద్యార్థి కూడా అక్కడికే వచ్చేశారు. త్రోలు నేర్పింది కోనీ భర్త జాన్ స్మిత్. 2021లో టోక్యోలో సాండర్స్ 19.79 మీటర్లు వేసి వెండి పతకం తెచ్చుకున్నారు. ఆ రోజు నేను కోనీ గురించే ఆలోచించాను. ఒక కోచ్ కోసం ఊరూ కాలేజీ మార్చుకుని వచ్చారంటే ఆ పిల్లకు అక్కడ ఎంత నమ్మకం దొరికి ఉండాలి!

మొన్న మా ఫస్టియర్ అమ్మాయి మెడకంటిన సుద్దపొడి తుడుచుకుంటూ పరుగున వచ్చింది.

"మేడమ్, ఎంత పడింది?"

"నేను చూడలేదమ్మా, టేపు పట్టుకున్నవాణ్ని అడుగు. ఎడమకాలు మాత్రం టైముకి పడింది. ఇంకోటి వెయ్యి."